సువర్చలగారి ఏకస్థాన ధ్రువపత్రం

సువర్చల ఎవరూ చూడనప్పుడు తరంగంగానూ, ఎవరైనా చూసినప్పుడు మనిషిగానూ ఉంటుంది. కాకినాడలో ఆవిడ ఉండే వార్డులో ఇలాంటి గృహిణులు నాలుగువందల పన్నెండు మంది ఉన్నట్టు స్థితి నిర్ధారణ కార్యాలయం లెక్క. ఆ పట్టికలో సువర్చల వరస సంఖ్య రెండువందల ఆరు. చిరునామా ఎదురుగా "ఇల్లంతా" అని రాసి ఉంది.

వాళ్ళ ఫ్లాటులో వంటింటికి రెండు గుమ్మాలు. ఒకటి హాల్లోకి, రెండోది బట్టలుతికే వెనక బాల్కనీలోకి. పొద్దున్న అయిదున్నరకి సువర్చల ఆ రెండు గుమ్మాల్లోంచీ ఒకేసారి బయటికొస్తుంది. అందుకే ఎనిమిదయ్యేసరికి బట్టలు దండెం మీద, ఇడ్లీలు బల్ల మీద, నీళ్ళసీసాలు ఫ్రిజ్జులో ఉంటాయి. ఇవన్నీ జరుగుతుండగా ఎవరూ చూడరు. చూస్తే జరగవు.

ఈ సంగతి మొదట కనిపెట్టింది అత్తగారు రత్నమాంబ. కోడలు ఏ గుమ్మంలోంచి వెళుతుందో తేల్చుకుందామని, పెళ్ళయిన రెండో ఏట, ఓ ఉదయం పీట వేసుకుని రెండు గుమ్మాలూ కనబడేలా కూర్చుంది. ఆ రోజు సువర్చల హాలు గుమ్మంలోంచి మాత్రమే వచ్చింది. ఇడ్లీలయ్యాయి, బట్టలు బకెట్లోనే ఉండిపోయాయి. మర్నాడు మళ్ళీ చూస్తే బట్టలు ఆరాయి, ఇడ్లీ లేదు. "మా రోజుల్లో చూస్తున్నా చేసేవాళ్ళమమ్మా," అని రత్నమాంబ పీట తీసి మంచం కిందకి తోసేసింది. అప్పటినుంచీ ఇంట్లో పొద్దుటిపూట ఎవరూ వంటింటివైపు చూడరు. భర్త చిదంబరం మొహానికి అడ్డంగా పేపరు పట్టుకుంటాడు. అది నిర్లక్ష్యమని సువర్చల చాలా ఏళ్ళు అపార్థం చేసుకుంది. నిజానికి అది సహకారం.

ఎవరైనా చూసిన మరుక్షణం సువర్చల ఒకచోట పడుతుంది. ఆ చోటు దాదాపు ఎప్పుడూ హాల్లోని కేను కుర్చీయే.

"ఎప్పుడు చూసినా కూర్చునే ఉంటావేంటి?" అంటాడు చిదంబరం. ఆయన అబద్ధం చెప్పే మనిషి కాదు.

"చూసినప్పుడే కూర్చుంటానండీ," అంటుంది సువర్చల.

రెండు గుమ్మాల్లోంచి వెళ్ళిన తరంగాలు ముందుకెళ్ళి కలుసుకుంటాయి. కలిసినచోట కొన్ని జాగాల్లో పని రెట్టింపవుతుంది, కొన్ని జాగాల్లో ఒకదాన్నొకటి కొట్టేసుకుని ఏమీ మిగలదు. అందుకే వాళ్ళింట్లో టీవీ బల్ల అద్దంలా మెరుస్తుంటే, దానికి జానెడు దూరంలో సోఫా కింద మూడేళ్ళ దుమ్ము ఉంటుంది. దీన్ని భౌతికశాస్త్రంలో వ్యతికరణం అంటారు. చుట్టాలు బద్ధకం అంటారు. సువర్చల బీఎస్సీ చదివింది కాబట్టి ఆవిడకి రెండు పదాలూ తెలుసు. సోఫా మాత్రం జరపదు.

యాభై ఒకటో ఏట ఆవిడకి ఒక కోరిక మిగిలింది. దూరవిద్యలో ఎమ్మెస్సీ ఫిజిక్సుకి కట్టి ఏడేళ్ళయింది. అన్ని పేపర్లూ అయ్యాయి, క్వాంటం యాంత్రికశాస్త్రం ఒక్కటే ఉంది. రిజిస్ట్రేషను గడువు ఈ పరీక్షతో సరి. పాసైతే జూన్ నుంచి ఇంటరు పిల్లలకి ఫిజిక్సు చెప్పమని దగ్గర్లోని ఒక కాలేజీవాళ్ళు మాటిచ్చారు. జీతం సంగతి ఆవిడ అడగలేదు. తరగతికి అరవైమంది పిల్లలని, రోజుకి అయిదు గంటలని చెప్పారు. రోజుకి అయిదు గంటలపాటు నూటఇరవై కళ్ళు తనని చూస్తుంటే తను ఒక్కచోట నిలబడి ఉంటుంది. ఆ లెక్క ఆవిడ చాలాసార్లు వేసుకుంది. అరవైలో నలభైమంది కిటికీలోంచి చూస్తారని తీసేసినా చాలినన్ని కళ్ళే మిగిలాయి.

గృహిణులు రాసిన పరీక్ష చెల్లాలంటే ఏకస్థాన ధ్రువపత్రం కావాలి. దానికోసం సువర్చల స్థితి నిర్ధారణ కార్యాలయంలో ఉప నిర్ధారణాధికారి పార్వతీశంగారి బల్ల ముందుకి వెళ్ళింది.

"వృత్తి?" అన్నారాయన తలెత్తకుండా.

తలెత్తకపోవడం వల్ల ఆ సమయానికి సువర్చల బల్ల ముందు సుమారుగా మాత్రమే ఉంది. "గృహిణినండీ," అన్న జవాబు గది నాలుగు వైపుల నుంచీ కొంచెం కొంచెంగా వచ్చింది. పార్వతీశంగారు అలవాటుగా తలెత్తారు. సువర్చల కుర్చీలో పడింది.

"మూడు గంటలు ఒక్కచోట ఉండగలరాండీ?"

"ఉండగలనండీ."

"అందరూ అదే మాటండీ. కిందటేడు ఒకావిడ బీఈడీ రాస్తా రాస్తా ఇంటికెళ్ళి పెసరట్లు వేసొచ్చేశారు. ఏం చేస్తాం? రద్దయిపోయింది."

"పెసరట్లా!" అంది సువర్చల. పరీక్షరోజు టిఫిను పెట్టుకునేవాళ్ళంటే ఆవిడకి చిన్నచూపు కలిగింది. "నేనలాంటిదాన్ని కాదండీ."

పార్వతీశంగారు పదిహేడు గళ్ళున్న కాగితం ఒకటి ఇచ్చారు. దాన్ని గృహ నివేదిక అంటారు. పరీక్ష జరిగే మూడు గంటల్లో ఇంట్లో ఏ పని జరిగిందో భర్త రాసి సంతకం చెయ్యాలి. అభ్యర్థిని చేతిపని ఒక్కటి కనబడినా ఆవిడ ఇంట్లో ఉన్నట్టే. ఇంట్లో ఉంటే పరీక్ష హాల్లో లేనట్టే. అప్పుడు ఎన్ని మార్కులొచ్చినా చెల్లవు.

ఆదివారం పరీక్ష. ఇంటిల్లిపాదీ బాగా సహకరించారు. ముందురోజే చిదంబరం వీధి చివర కర్రీ పాయింటులో భోజనం చెప్పొచ్చాడు.

"పప్పు, బెండకాయ వేపుడు, చారు. అన్నీ వాడే ఇస్తాడు. నువ్వు నిశ్చింతగా రాసుకో," అన్నాడు.

"చారు కూడానా?"

"చారుదేముంది, చారే కదా."

తన చారు గురించి సువర్చలకున్న అభిప్రాయం ఇంట్లో మరెవరికీ ఉన్నట్టు దాఖలా లేదు. ఇరవై ఆరేళ్ళుగా అందరూ ఆ చారు పోసుకుని, తిని, లేచి చెయ్యి కడుక్కుంటున్నారు. బాగుందని గానీ బాగాలేదని గానీ ఎవరూ అనలేదు. అది తిన్నవాళ్ళ పొరపాటని ఆవిడ నమ్మకం.

పరీక్ష హాల్లో పర్యవేక్షకుడు పాతికేళ్ళ లెక్చరరు. సువర్చలని చూడగానే లేచి నిలబడి, "మీరు స్క్వాడాండీ?" అన్నాడు.

"కాదు నాయనా, అభ్యర్థినిని."

అతను కాస్త నిరాశపడి, రూలు ప్రకారం ఆవిడనే చూస్తూ కూర్చున్నాడు. సువర్చల కిటికీ పక్క బల్లమీద గట్టిగా ఒక్కచోట ఏర్పడింది. రెండు మోచేతులూ తనవే. రెండు పాదాలూ ఒకే గదిలో ఉన్నాయి. కుక్కరు కూత లేదు, కాలింగ్‌బెల్ లేదు. తను ఇంత బరువుంటుందని కూడా ఆవిడ మర్చిపోయింది.

మూడో ప్రశ్న జంట చీలికల ప్రయోగం. ఎలక్ట్రాన్లు ఒక్కొక్కటిగా వెళ్ళినా రెండు చీలికల్లోంచీ వెళ్ళినట్టే తెరమీద చారలు ఎలా పడతాయో, ఏ చీలికలోంచి వెళుతుందో కనిపెడదామని కాపలా పెడితే ఆ చారలు ఎలా మాయమవుతాయో ఆవిడ బొమ్మ వేసి మరీ రాసింది. చూడనప్పుడు ఎలక్ట్రాను ఎక్కడ ఉందని అడగకూడదని, ఎక్కడెక్కడ ఉండే అవకాశం ఎంతెంతో మాత్రమే చెప్పగలమని రాసి కింద గీత గీసింది. ఇది తనకి తప్ప ఈ హాల్లో ఎవరికీ ఇంత బాగా తెలిసి ఉండదనిపించింది.

పన్నెండుకి పది నిమిషాలుండగా ముందు వరసలో ఒకమ్మాయి జామెట్రీ బాక్సులో చీటీ దొరికింది. పర్యవేక్షకుడు అటు తిరిగి విచారణ మొదలుపెట్టాడు. మిగతావాళ్ళు ఎవరి పేపరు వాళ్ళు చూసుకుంటున్నారు. పదకొండు నిమిషాలపాటు సువర్చలని ఎవరూ చూడలేదు.

ఇక్కడ ఒక విషయం స్పష్టం చెయ్యాలి. ఎవరూ చూడకపోతే తరంగమయ్యే మాట నిజమే. కానీ ఇంటిదాకా వెళ్ళమని ఏ సమీకరణంలోనూ లేదు. ఆ పదకొండు నిమిషాలూ హాలంతా పరుచుకుని ఊరుకోవచ్చు. వరండాలోకి వెళ్ళి గాలి పీల్చుకోవచ్చు. సువర్చలకి ఆ సమయంలో గుర్తొచ్చింది పన్నెండింటికి అత్తగారు భోజనానికి కూర్చుంటుందని, కంచం పక్కన కర్రీ పాయింటు చారు ఉంటుందని. ఇంట్లో ఎవరూ రమ్మనలేదు. చిదంబరం పేపరు చదువుకుంటున్నాడు. రత్నమాంబ అరుగుదల మాత్ర వెతుక్కుంటోంది. అయినా సువర్చల వెళ్ళింది. రాయడం కూడా ఆపలేదు. నాలుగో ప్రశ్నకి జవాబు హాల్లో సాగుతూనే ఉంది.

పర్యవేక్షకుడు ఇటు తిరిగేసరికి సువర్చల తన బల్ల దగ్గరే ఉంది. చేతికి ఇంగువ వాసన వస్తోంది.

చిదంబరం నీటిపారుదల శాఖలో సీనియర్ అసిస్టెంటు. ముప్పై ఏళ్ళ సర్వీసులో ఏ ఫారంలోనూ ఖాళీ గడి వదలలేదు. ఆ మధ్యాహ్నం భోజనమయ్యాక గృహ నివేదిక తీసుకుని కూర్చున్నాడు. ఊడ్చుట, లేదు. ఉతుకుట, లేదు. పదకొండో గడి, వండుట. కాసేపు ఆలోచించి "చారు" అని రాసి, గుండ్రంగా సంతకం పెట్టి, పోస్టులో వేసి వచ్చాడు.

నెలన్నరకి ఫలితాలు వచ్చాయి. సువర్చలకి నూటికి డెబ్బయ్యొక్క మార్కులు. పక్కనే "నిలిపివేయబడినది" అని ఉంది. వారానికి పార్వతీశంగారి దగ్గర్నుంచి విచారణకి పిలుపొచ్చింది. అత్తగారితో సహా ముగ్గురూ ఆటోలో వెళ్ళారు.

"ఆ రోజు మీ ఆవిణ్ణి ఇంట్లో చూశారాండీ?" అన్నారు పార్వతీశంగారు చిదంబరంతో.

"లేదండీ. చారు చూశాను."

"చూడలేదంటే ఉన్నట్టే కదండీ మరి."

"అదీ నిజమేనండీ," అన్నాడు చిదంబరం. ఆయన మొహం వాడిపోయింది. భార్య పాసు కావాలని ఆయనకి నిజంగానే ఉంది. ఖాళీ గడి ఎలా వదలాలో మాత్రం తెలియలేదు.

పార్వతీశంగారు చెడ్డమనిషి కాదు. గొంతు తగ్గించి ఒక కాగితం ముందుకు జరిపారు. "అమ్మా, ఆ చారు నేను పెట్టింది కాదు, కర్రీ పాయింటుది అని ఒక్క ముక్క రాసి సంతకం పెట్టండి. డెబ్బయ్యొక్క మార్కులు చేతికొచ్చేస్తాయి. నేనేమన్నా ఆ చారు రుచి చూశానా?"

"రాసెయ్ సువర్చలా," అన్నాడు చిదంబరం. "వాడొచ్చి కాదంటాడా?"

సువర్చల కలం తీసుకుంది. జూన్‌కి ఇంకా పది రోజులే ఉంది. కాలేజీవాళ్ళు టైంటేబులు కూడా పంపించారు.

అప్పుడు రత్నమాంబ కుర్చీలో ముందుకి వంగింది. "కర్రీ పాయింటు చారాండీ అది?" అంది పార్వతీశంగారితో. "ఆ కవరు ముడి కూడా విప్పలేదు బాబూ, పనమ్మాయికిచ్చేశాను. ఇది మా కోడలి చారు. మిరియం ఘాటు ఇక్కడ, గొంతులో తెలుస్తుంది. ఆ చారు పెట్టేవాళ్ళు ఈ ఊళ్ళో ఇంకోళ్ళు లేరు. కళ్ళు మూసుకుని చెప్తాను."

ఇరవై ఆరేళ్ళలో ఆ చారు గురించి అత్తగారు నోరు విప్పడం ఇదే మొదలు. అత్తగారు ఇంకోమాట కూడా అంటుందేమోనని సువర్చల ఆవిడ వైపు చూసింది. రత్నమాంబ అనాల్సింది అనేసి చెంగుతో మొహం తుడుచుకుంటోంది.

"ఆవిడ పెద్దావిడండీ, రుచులు తెలియవని రాసుకోవచ్చు," అన్నారు పార్వతీశంగారు. "మీరు రాయండి."

"నా చారు వాడి పేరు మీద రాయనా?" అంది సువర్చల.

అందరూ చూస్తుండగా, గట్టిగా ఒక్కచోట కూర్చుని, గుండ్రటి అక్షరాలతో "చారు నేనే పెట్టాను" అని రాసింది. సంతకం పెట్టబోతూ ఆగింది. వాక్యం అసంపూర్తిగా ఉన్నట్టనిపించి, "మిరియాలు, జీలకర్ర అప్పటికప్పుడు దంచి" అని పైన చేర్చి, అప్పుడు సంతకం పెట్టింది.

పార్వతీశంగారు డెబ్బయ్యొక్కటి మీద అడ్డంగా గీత కొట్టారు. కాగితాన్ని ఒక లావుపాటి ఫైల్లో పెట్టారు. ఆ సంవత్సరపు వాంగ్మూలాలన్నీ అందులోనే ఉన్నాయి. పప్పుచారు తొమ్మిది, పులిహోర నాలుగు, ఒక ఆవకాయ. ఎవరూ తమది కాదని రాయలేదు. ఆఫీసువాళ్ళు కాదని రాసే కాగితాలు అచ్చు వేయించడం మానేసి రెండేళ్ళయింది, పార్వతీశంగారు చూపించేది తెల్ల కాగితమే.

"తర్వాత," అన్నారాయన.

తలుపు దగ్గర ఓ నలభై ఏళ్ళావిడ భర్తతో నిలబడి ఉంది. చేతిలో లైబ్రరీ సైన్సు పరీక్ష తాలూకు హాల్‌టికెట్టు మడిచిపెట్టుకుంది. కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"మీదేమిటండీ?" అన్నారు పార్వతీశంగారు.

"గుత్తొంకాయండీ."

సువర్చల లేచి ఆవిడకి కుర్చీ ఇచ్చింది. వెళ్ళబోయి, ఆగి, కొంచెం వంగి, "నువ్వులు వేస్తారా, కొబ్బరాండీ?" అని అడిగింది.

ఆవిడ కళ్ళు తుడుచుకుని కలం అందుకుంది. "రెండూ వేస్తానండీ," అంది.