మైల ధార పట్టుకుని పైకెక్కుతుందా?

ఇంటికొక పరిశోధకురాలు ఉండి తీరాలి! అదీ మామూలు పరిశోధన పనికిరాదు. రెండువేల ఏళ్ల కిందటి యూదుల చట్టాల మీద అయి ఉండాలి. అంతకు తక్కువైతే ఇంటికి శోభ లేదు.

నవ్వకండి. ఈ అరబ్బు దేశంలో, అల్ నహ్దా పేటలో మా బిల్డింగు లిఫ్టు ఎక్కిన ప్రతివాడూ నాకు సానుభూతి చెప్పే దిగుతాడు. "ఇంత చదివి చివరికి ఇదా పెద్దాయనా? కంప్యూటర్లు దొరకలేదా?" అని. వాళ్లందరికీ కలిపి ఇవాళ ఒకటే జవాబు. నేను చదివింది మూడో తరగతి. మాట కాస్త నెమ్మది. నేను చెబుతుంటే టైప్ చేస్తున్నది ఆ పరిశోధకురాలే, మా మనవరాలు కల్పన. కాబట్టి ఇందులో తప్పులుంటే ఆమెవి, మంచి మాటలుంటే నావి.

సంగతేమిటంటే, మృత సముద్రం ఒడ్డున కొండగుహల్లో తోలుచుట్టలు దొరికాయి. కొన్నిటిని జాడీల్లో పెట్టి దాచారు. ఊళ్లో జనమంతా చెడిపోయారు, మేమే శుద్ధం అనుకుని ఎడారికి వెళ్లిపోయిన ఒక గుంపు రాసుకున్న చట్టాలు వాటిలో ఉన్నాయని పండితుల లెక్క. ఈ దేశానికీ ఇజ్రాయెల్‌కీ రాకపోకలు మొదలైన ఏడాదే కరోనా కూడా ఉంది కదా. అందరూ ఇంట్లో కూచుని రొట్టెలు చెయ్యడం నేర్చుకుంటే, మా పిల్ల ఆ లిపి నేర్చుకుంది. ఇప్పుడు అబుదాబిలో దాని మీదే డాక్టరేటు చేస్తోంది.

ఆ చదువు గొప్పతనం ఏమని చెప్పను! బొటనవేలి గోరంత తోలుముక్క ఉంటుంది. దాని మీద ఒకాయన పుస్తకం రాస్తాడు. అది తప్పని ఇంకొకాయన ఇంకా లావు పుస్తకం రాస్తాడు. ఏ ముక్క ఏ గొర్రె తోలో డీఎన్‌ఏ తీసి మరీ చూశారట! మా ఊళ్లో నిన్న రాత్రి పోయిన గొర్రె గురించి పోలీసులకు చెబితే, అది ఎటు పోయిందో మమ్మల్నే అడుగుతారు.

ఇక ఆ చట్టాలున్నాయే, బంగారం! ఎదుటి మనిషి మాట పూర్తి కాకుండా అడ్డొస్తే పది రోజుల శిక్ష. సభలో కునుకు తీస్తే నెల. వెర్రిగా పగలబడి నవ్వినా నెలే.

చూశారా! ఇలాంటి చట్టం మా ఇంట్లో లేకనే కదా నా బతుకిలా ఉంది? నేను "నిన్న పొద్దున..." అని మొదలుపెడితే చాలు, మా కొడుకు "మోకాలా బాపూ? రేపు డాక్టర్ కాడికి పోదాం, ఖలాస్" అని లేచిపోతాడు. నేను చెప్పబోయింది బాల్కనీలో పావురం గురించి. ఆ ఎడారివాళ్ల చేతిలో పడితే వాడికి ఈపాటికి యావజ్జీవం!

ఆ చట్టాన్ని మా ఇంట్లో పాటించే మనిషి ఒక్కతే. మంగ. గోదావరి జిల్లా నుంచి వచ్చింది. నాలుగైదు ఇళ్లలో పని చేస్తుంది. సాయంత్రం నన్ను చెయ్యి పట్టుకుని పార్కుకు తీసుకెళ్తుంది. నా మాట బెంచీ దగ్గర మొదలై మళ్లీ లిఫ్టు దగ్గరికి వచ్చాక ముగిసినా సరే, పూర్తయ్యేదాకా ఊకొడుతుంది.

ఆ మంగ మానేస్తానంటోంది. ఈ ఊళ్లోనే సత్వా పేటలో వేరే పని చూసుకుందట. "ఏ సంగతీ ఆదివారం చెప్తానండి" అంది. ఇల్లంతా తల పట్టుకుంది. జీతమా? సెలవా? ఎవరికీ ఏమీ తట్టలేదు. మంగ పోతే నా మాట వినేదెవరు? అందుకే అంటున్నాను, ఇలాంటి చిక్కు విప్పడానికి ఇంటికొక పరిశోధకురాలు ఉండాలని!

ఆదివారానికి ముందు శనివారం వచ్చింది. కల్పన వాళ్ల ప్రొఫెసరమ్మను భోజనానికి పిలిచింది. తెల్లావిడ, కలుపుగోలు మనిషి. పప్పన్నం చేత్తో కలుపుకుని తింది. తిన్నాక కల్పన, తన థీసిస్‌లో ఉన్న పెద్ద పేచీ మాకు అర్థమయ్యేలా చెబుతానంది.

"చూడు తాతా, పైనున్న చెంబు శుద్ధం. కిందున్న గ్లాసు మైల. పైకెల్లి నీళ్లు పోస్తున్నం. ధార రెండిటికీ అంటుకొని ఉంటది కదా? మరి ఆ మైల ధార పట్టుకొని పైకెక్కుతదా, ఎక్కదా?"

"ఎక్కితే ఏమైతది బిడ్డా?"

"పై చెంబు కూడా మైలే! గుహలోల్లు ఎక్కుతదన్నరు. అవతలి పక్షం ఎక్కదన్నది. ఇగ కొట్లాటే!"

నీళ్లు కిందికి పారతాయని మాకు మూడో తరగతిలోనే చెప్పారు. మైల పైకి పారుతుందా అని తెలుసుకోవాలంటే మాత్రం డాక్టరేటు కావాలి.

"ఉండు, చేసి చూపిస్త" అని కల్పన వంటింట్లోకి ఉరికింది. చెంబు ఒకటి, కిటికీ పక్కనున్న స్టీలు గ్లాసు ఒకటి తెచ్చి, బల్ల మీద అన్నం గిన్నె పక్కనే పెట్టింది.

"అయ్యో! అది తియ్యకే!" మా కోడలు కేకేసింది.

"ఏమైందమ్మా? గ్లాసే కదా."

"వేరేది తెచ్చుకో పో. యల్లా, జల్ది!"

"దీనికేమైంది? చిల్లు పడ్డదా?"

"చిల్లు లేదు, ఏం లేదు. అది మంగది."

ప్రొఫెసరమ్మకు తెలుగు రాదు గానీ కేకలు అన్ని భాషల్లోనూ ఒకటే. ఈ గ్లాసు ప్రత్యేకత ఏమిటని ఎంతో మర్యాదగా అడిగింది. కల్పన ఆ ప్రశ్నను మాకు తెలుగులో చెప్పింది. కోడలు ఏసీ వైపు చూసింది. కొడుకు ఫోన్ వైపు చూశాడు. మా ఇంట్లో ఎవరూ ఎవరి మాటకూ అడ్డు రాకుండా అంతసేపు ఉండటం అదే మొదటిసారి!

చివరికి వంటింటి గుమ్మంలోంచి మంగే అంది: "వాడుకోండమ్మా, ఫర్వాలేదు. శుభ్రంగా తోమిందేనండి, ఆయ్."

మీకు మాత్రం చెబుతాను. మంగ పనికొచ్చిన మొదటిరోజు మా కోడలు "మీరు ఏమోళ్లు?" అని అడిగింది. మంగ కులం చెప్పింది. మర్నాటికి కిటికీ పక్కన ఒక గ్లాసు వెలిసింది. అంతే. కోపం లేదు, తిట్టు లేదు, పండక్కి కొత్త చీర కూడా పెట్టింది. టీ పోసేటప్పుడు మాత్రం గిన్నెను జానెడు ఎత్తున పట్టుకుంటుంది. ఒక్క చుక్క చిందదు! అంటే మా కోడలు, మైల ధార ఎక్కదన్న పక్షం. ఉదారవాది! ఆ ఎడారివాళ్లయితే అసలు టీయే పోసేవాళ్లు కాదు.

ఆ టీ ధార కింద కూచునే మా పరిశోధకురాలు ఇన్నాళ్లూ ధార గురించి చదివింది. ఆమెనేమంటాం? ఇది తోలు మీద రాసి లేదాయె.

ఇక్కడ టైపింగ్ ఆగింది.

"ఇది కొట్టేద్దామా తాతా?"

"ఎందుకు బిడ్డా, అబద్ధమా?"

"కాదు. రోజూ చూసిన. ఒక్కరోజు అడగలే."

"అయితే అది కూడా రాయి."

ఆదివారం పార్కులో బెంచీ మీద మంగను నేనే అడిగాను. "సత్వాల పని తక్కువనా మంగా?"

"తక్కువేటండి! గదినిండా మగాళ్లేనండి. ఒక్కడూ తిన్న పళ్లెం తియ్యడు."

"మరి ఎందుకు పోతున్నవు?"

మంగ కొంగు సర్దుకుంది. రోడ్డు మీద బస్సు ఒకటి వచ్చి జనాన్ని దింపి వెళ్లిపోయింది.

"అక్కడ గ్లాసులన్నీ సింకులో కలిసిపోయుంటాయండి తాతగారూ. ఏది ఎవరిదో ఎవడికీ తెలీదు. చేతికి దొరికినదాంట్లో పోసుకుని తాగెయ్యడమేనండి."

ఇంత చెప్పడానికి ఆమెకు చాలాసేపు పట్టింది. నేను అడ్డు రాలేదు.

మంగ పని మానేసి వెళ్లిపోయింది. గ్లాసు కిటికీ పక్కనే ఉంది. పారెయ్యమంటే కోడలు "మంచి స్టీలు" అంటుంది. వాడుకోమంటే వినబడదు. నిన్న కల్పన దాంట్లో నీళ్లు తాగితే, కోడలు ఆ పూట కూతురితో మాట్లాడలేదు.

ఎడారివాళ్లు అమాయకులండీ! చట్టం రాసి దాచారు. రాసింది కాబట్టి దొరికింది, దొరికింది కాబట్టి లోకమంతా చదివి నవ్వుతోంది. మనం తెలివైనవాళ్లం. ఒక్క అక్షరం రాయలేదు. అయినా ప్రతి ఇంట్లో కంఠతా వచ్చు. విమానమెక్కి సముద్రం దాటినా మర్చిపోలేదు!

రెండువేల ఏళ్ల తర్వాత ఎవరో అల్ నహ్దాలో ఇసుక తవ్వుతారు. మా వంటిల్లు బయటపడుతుంది. గ్లాసులన్నీ ఒకచోట. కిటికీ పక్కన, వేరుగా, ఒక్కటే ఒకటి! ఇక సెమినార్లు, లావు పుస్తకాలు, వాటికి జవాబు పుస్తకాలు. అంతా అయ్యాక పండితులు ఏకగ్రీవంగా తేలుస్తారు: "ఈ ఇంట్లో అందరికన్నా గొప్ప మనిషి ఎవరో ఉండేవారు. ఆ మనిషి గ్లాసును ముట్టుకునే అర్హత మిగతావాళ్లకు ఉండేది కాదు."

అసలు సంగతి చెప్పడానికి అప్పటికి మా ఇంటివాళ్లెవరూ మిగలరు. బతికిపోతాం!