రెండు పాయింట్లు తక్కువ

ఆ గురువారం ఉదయం ఆంబ్రోస్ హెప్‌వర్త్ వేసుకున్న పథకం చాలా చిన్నది. టీ తాగాలి, తన నూలు మిల్లుకు వెళ్ళాలి, మధ్యలో ఒకసారి క్లబ్బు ఆఫీసులోకి తొంగిచూడాలి, శనివారం ఆట సంగతి ఎవరూ అడగకముందే ఇల్లు చేరాలి. హాడెన్‌షా టౌన్ ఫుట్‌బాల్ క్లబ్బుకు అధ్యక్షుడైన మనిషి ఆ ఏడాది వీధిలో నింపాదిగా నడవడం ఆరోగ్యానికి మంచిది కాదు.

యుద్ధం ముగిసి రెండేళ్ళయింది. దేశమైతే గెలిచింది గాని, హాడెన్‌షా టౌన్ మాత్రం గెలవడం ఎలాగో మరచిపోయింది. ఇన్నేళ్ళ తరవాత లీగ్ ఆటలు మళ్ళీ మొదలవుతున్నాయనగానే ఊరు ఊరంతా టోపీలు గాల్లోకి ఎగరేసింది. తీరా చూస్తే, కుర్రాళ్ళుగా యుద్ధానికి వెళ్ళిన ఆటగాళ్ళు నడుం నొప్పులతో తిరిగొచ్చారు. యుద్ధకాలంలో మైదానంలో సగం మేర బంగాళాదుంపలు పండించారు. దుంపలు తవ్వి తినేశారు గాని గట్లు అలాగే ఉండిపోయాయి. బంతి ఎటు పోతుందో ఆ దుంపలు నాటినవాడికి తప్ప ఇంకెవరికీ తెలిసేది కాదు. ఆపైన చలికాలమంతా మంచు కప్పేసి, ఆటలు వాయిదాల మీద వాయిదాలు పడి, ఏప్రిల్లోనే ముగిసిపోవలసిన అవమానం జూన్ దాకా సాగింది.

అలా సాగి సాగి హాడెన్‌షా మూడో డివిజన్‌లో అట్టడుగుకు చేరింది. అడుగున మిగిలిన రెండు జట్ల పెద్దలూ లండన్ వెళ్ళి, తక్కిన క్లబ్బుల వాళ్ళ ముందు నిలబడి, ఇంకో ఏడాది ఉండనివ్వండి మహాప్రభో అని ఓట్లు అడుక్కోవాలి. ఓట్లు పడకపోతే లీగ్‌లో ఆ క్లబ్బు కథ కంచికే. ఇక మిగిలింది శనివారం నాటి ఒక్క ఆట. గెలిస్తే రెండు పాయింట్లు వస్తాయి, ఆ రెండూ వస్తే లండన్ ప్రయాణం తప్పుతుంది. హెప్‌వర్త్‌కు పిల్లల్లేరు, క్లబ్బే ఉంది. తండ్రి పెట్టిన క్లబ్బు తన చేతుల్లో పోతుందేమోనన్న బెంగతో ఆయనకు నిజంగానే తిండి సయించడం లేదు.

"ఏమండీ, శనివారం లీగ్ ఆఫీసు నుంచి ఎవరో వస్తున్నారన్నారు?" అంది భార్య ఎథెల్, టీ పోస్తూ.

"ఫాస్‌డైక్ అని ఒకాయన. మన మైదానం ఆటకు పనికొస్తుందో లేదో చూసి లండన్‌లో చెప్తాడట."

"మైదానం చూస్తే ఏం చెప్తాడో నాకూ తెలుసు. టీ అయినా మర్యాదగా ఇద్దాం. సాల్మన్ చేప శాండ్‌విచ్‌లు పెడతాను. ఆ డబ్బా కొనడానికి మనిద్దరి పాయింట్లూ ఊడ్చినా ఇంకా రెండు తక్కువొస్తున్నాయి. మీరేం చేస్తారో నాకు తెలీదు. రెండు పాయింట్లు చూడకుండా గుమ్మం తొక్కకండి."

ఆ రోజుల్లో డబ్బా సరుకులకు జేబులో డబ్బుంటే చాలదు. మనిషికి నెలకిన్ని అని సర్కారువారిచ్చే రేషన్ పాయింట్లుండాలి. అవి లేకుండా సరుకు అడగడం నేరం, ఇవ్వడం ఇంకా నేరం. హెప్‌వర్త్ ఊరి ఆహార సంఘానికి కూడా అధ్యక్షుడే. దొంగచాటుగా ఒక్క బిస్కట్టు తిన్నవాడైనా దేశద్రోహేనని మొన్ననే టౌన్‌హాల్లో బల్ల గుద్ది ఉపన్యసించాడు. ఆ నోటితో ఊళ్ళో దుకాణదారులను ఎలా అడుగుతాడు? అప్పుడాయనకు పొరుగూరి పెర్సీ డంకర్లీ గుర్తొచ్చాడు. డంకర్లీది పెద్ద టోకు కిరాణా వ్యాపారం. రాత్‌మియర్ రోవర్స్ క్లబ్బుకు అధ్యక్షుడు కూడా ఆయనే. శనివారం హాడెన్‌షాతో ఆడబోయేది ఆ రోవర్సే. ఇందులో తిరకాసు ఏమైనా ఉందేమోనని హెప్‌వర్త్ ఒక్క క్షణం ఆలోచించి ఉంటే మనకీ కథ ఉండేది కాదు.

క్లబ్బు ఆఫీసులో ఫోనుకూ, ఆటగాళ్ళ కాళ్ళకు తైలం రాసే గదికీ మధ్య ఉన్నది ఒక్క చెక్క తడిక. దానికి అవతల ట్రైనర్ సెత్ ఆగ్డెన్ తన బక్కెట్టు కడుక్కుంటున్నాడు. ఎలాంటి దెబ్బకైనా చన్నీళ్ళ స్పాంజి ఒక్కటే మందని నమ్మిన పెద్దమనిషి అతను. అధ్యక్షులవారి గొంతు వినబడగానే చెయ్యి ఆగిపోయింది.

"పెర్సీ, నేనయ్యా. నీ వల్ల ఒక పని కావాలి. నాకు రెండు పాయింట్లు తక్కువయ్యాయి... అవును, రెండే. శనివారానికి నువ్వే సర్దాలి... అబ్బెబ్బే, పైకి పొక్కకూడదు, పొక్కితే నా బతుకు బస్టాండే... ఏం చెయ్యమంటావు, మా ఆవిడ పోరు. రెండు పాయింట్లు లేకపోతే ఇంట్లోకి రానివ్వనంది... బతికించావయ్యా!"

సెత్ కళ్ళు చెమర్చాయి. క్లబ్బు కోసం ఎథెలమ్మగారు ఇంత బాధపడుతున్నారని అతనికి ఇన్నాళ్ళూ తెలియదు. వెంటనే వెళ్ళి కెప్టెన్ లెన్ బార్లో చెవిన వేశాడు.

"ఒరేయ్ లెన్నూ, ఎవరికీ చెప్పకు. శనివారం ఆట రోవర్స్ వాళ్ళు మనకి ఒదిలేస్తున్నారు."

"ఊరుకో బాబాయ్, పొద్దున్నే మొదలెట్టావా?"

"నా స్పాంజి మీద ఒట్టురా!"

స్పాంజి మీద ఒట్టేశాక నమ్మక చస్తాడా? ఎవరికీ చెప్పకని లెన్ తన భార్యకు చెప్పాడు. ఆవిడ కూడా ఆ జాగ్రత్త తీసుకునే మిల్లులో తన వరసలో ఉన్న మగ్గాల వాళ్ళందరికీ చెప్పింది.

అవతలి ఊళ్ళోనూ ఇదే భాగవతం. రోవర్స్‌కు గోలు కాచే గోలీ టెడ్ గ్రిమ్‌షా పొట్టకూటికి డంకర్లీ గోదాములోనే పనిచేస్తాడు. యజమాని ఫోనులో, "రెండు పాయింట్లేగా, తీసుకోవయ్యా! మాకేం తరిగిపోతుంది? మావాళ్ళ చేతే పంపిస్తాను," అనడం అతను స్వయంగా విన్నాడు. రోవర్స్‌కు ఆ ఆటలో గెలిచినా ఓడినా ఒకటే. అయ్యగారి మాట అయ్యగారి మాటే. ఆ సాయంత్రమే జట్టంతా కూడి, గౌరవంగా ఓడిపోవాలని నిర్ణయించుకుంది.

శుక్రవారం హెప్‌వర్త్ మిల్లు గేటు దాటుతుంటే కావలివాడు కన్నుగీటాడు. చర్చి ఫాదరు చెయ్యి పట్టుకుని, "మంచి పని చేశారు, పై వాడు చూసీచూడనట్టు పోతాడులెండి," అన్నాడు. గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు ఆయన కోటు జేబులు తడుముకున్నాడు. సాల్మన్ డబ్బా సంగతి ఊరంతా పాకిపోయింది కాబోలు! క్లబ్బుకు చేరేసరికి లెన్ టోపీ తీసి ఎదురొచ్చాడు.

"సార్, మాకంతా తెలిసింది."

"ఎంతమందికి తెలుసు?"

"ఊరందరికీ సార్. అందరూ సంతోషంగానే ఉన్నారు."

తను దొంగచాటుగా చేప తింటే ఊరు సంతోషించడమేమిటో హెప్‌వర్త్‌కు అంతుపట్టలేదు. తన మీద జనానికి ఇంత ప్రేమ ఉందా అని మాత్రం గుండె తడిసింది.

"మరి మమ్మల్నేం చెయ్యమంటారు సార్?"

"ఏమీ చెయ్యొద్దు! ఏమీ ఎరగనట్టు ఉండండి. వాళ్ళే తెచ్చి మన చేతిలో పెడతారు. నువ్వు వేలు పెట్టావంటే అంతా చెడుతుంది."

"అర్థమైంది సార్," అన్నాడు లెన్, పరమ వినయంగా.

శనివారం ఎండ కాసింది. జూన్ నెల కదా, సగంమంది క్రికెట్ టోపీలు పెట్టుకొచ్చారు. డంకర్లీ మాట ప్రకారం సాల్మన్ డబ్బా, తక్కువైన రెండు పాయింట్ల ఊసెత్తకుండా, రోవర్స్ బస్సులోనే వచ్చి ఎథెల్ చేతికి చేరింది. అధ్యక్షుల వరసలో హెప్‌వర్త్ పక్కన కూర్చున్న ఫాస్‌డైక్ నవ్వితే జీతం కోస్తారేమో అన్నట్టున్నాడు.

అలాంటి ఆట ఆ మైదానం అంతకు ముందు చూడలేదు. బంతి వచ్చి కాళ్ళ దగ్గర ఆగితే హాడెన్‌షా వాళ్ళు దాన్ని చూసి చిరునవ్వు నవ్వారు. రోవర్స్ వాళ్ళు పెళ్ళివారికి దారి ఇచ్చినట్టు రెండు పక్కలకూ తప్పుకున్నారు. కాసేపటికి రోవర్స్ గోలు ముందు కాపలా కాసే బ్యాకుకు ఓపిక నశించింది.

"కొట్టవయ్యా బాబూ, ఎంతసేపని తప్పుకునేది?"

"మా అయ్యగారు ఏమీ చెయ్యొద్దన్నారు," అన్నాడు లెన్.

"మా అయ్యగారు ఇచ్చెయ్యమన్నారు. తీసుకునేవాడు చెయ్యి చాపకపోతే ఇచ్చేవాడు ఎలా ఇస్తాడు?"

"అది మీ తలనొప్పి."

చేసేదిలేక ఆ బ్యాకు బంతిని తన గోలులోకే తన్నాడు. గోలీ టెడ్ మర్యాదగా పక్కకు జరిగాడు. బంతి మాత్రం పాత దుంపల గట్టు తగిలి, పక్కకు మళ్ళి, గోలు స్తంభాన్ని కొట్టుకుని వెనక్కి వచ్చింది. ఇంకోసారి తన్నితే ఇంకో గట్టు.

"మీవాళ్ళు ఎప్పుడూ ఇలాగే ఆడతారా?" అన్నాడు ఫాస్‌డైక్.

"లేదండీ," అన్నాడు హెప్‌వర్త్ నిజాయితీగా, "ఇవాళ కొంచెం నయం."

ఇక ఆట ముగియవస్తోందనగా టెడ్‌కు భయం పట్టుకుంది. సోమవారం గోదాములో అయ్యగారికి ఏ మొహం చూపించాలి? బంతిని నేరుగా లెన్ కాళ్ళకే అందిద్దామని బలమంతా పెట్టి తన్నాడు. కొండ మీది గాలి దాన్ని ఎత్తుకుంది. లెన్ నెత్తి మీదుగా వెళ్ళి, గట్టు మీద పడి ఎగిరి, హాడెన్‌షా గోలులో దూరింది. అక్కడి గోలీ స్తంభానికి ఆనుకుని, వెనకనున్న మరదలితో కొత్త కర్టెన్ల సంగతి మాట్లాడుతున్నాడు.

టెడ్ ఈ చివరి నుంచి ఆ చివరికి పరుగెత్తి, "తప్పైపోయింది బావా, కావాలని చెయ్యలేదు," అని ఎదుటి గోలీ చేతులు పట్టుకున్నాడు. అంతలో రెఫరీ చివరి ఈల ఊదాడు. రోవర్స్ గెలిచింది. జనం ఒక్కసారిగా లేచారు.

"దగాకోరులు! మాటిచ్చి తప్పుతారా!"

"మా రెండు పాయింట్లు మాకిచ్చి కదలండి!"

"ఏం మాట? ఏ రెండు పాయింట్లు?" అన్నాడు ఫాస్‌డైక్. హెప్‌వర్త్‌కు ఏ పాయింట్లో తెలుసు, అందుకే టీ చల్లారిపోతుందండీ అంటూ లేచాడు.

టీ గదిలో ఎథెల్ తన శాండ్‌విచ్‌లు సర్ది ఉంచింది. ఫాస్‌డైక్ కోపంలో ఉన్నా పళ్ళెం వంక ఒకసారి చూశాడు, ఒకటి తీసుకున్నాడు. తరవాత వద్దనుకుంటూనే ఇంకొకటి తీసుకున్నాడు. మూడోదాన్ని నములుతూ తలుపు వేయించి విచారణ మొదలుపెట్టాడు. ఆట అమ్ముకున్నారని రుజువైతే క్లబ్బును లీగ్ నుంచి శాశ్వతంగా వెళ్ళగొడతారు.

"హెప్‌వర్త్ గారూ, సూటిగా అడుగుతున్నాను. మీరు డంకర్లీ గారిని రెండు పాయింట్లు అడిగారా?"

హెప్‌వర్త్ తల వాల్చేశాడు. "అడిగానండీ. మా ఆవిడ పోరు పడలేక."

"మీ ఆవిడా!"

"రెండంటే రెండేనండీ," అంది ఎథెల్. "ఈ రోజుల్లో ఎవరు చెయ్యట్లేదు? మా పక్కింటావిడ వారం వారం చేస్తుంది."

ఫాస్‌డైక్ తన ఉద్యోగంలో ఎన్నో చూశాడు గాని, పక్కింటావిడలు కూడా ఆటలు అమ్ముకుంటారని వినలేదు. డంకర్లీ వైపు తిరిగాడు. "మీరు ఇచ్చారా?"

"స్నేహం కొద్దీ ఇచ్చానండీ," అన్నాడు డంకర్లీ, చెమట తుడుచుకుంటూ.

"ఇచ్చారా? మీరు గెలిచారుగదయ్యా!"

"గెలవడానికీ దీనికీ ఏమిటండీ సంబంధం?"

"ఇంతకీ ఆ రెండు పాయింట్లు ఎక్కడున్నాయి?" అని గర్జించాడు ఫాస్‌డైక్.

"ఇంకెక్కడండీ, ముప్పావు వంతు మీ కడుపులోనే ఉన్నాయి," అంది ఎథెల్. "రేషన్ లేకుండా తెచ్చిన చేప అని మీకు తెలిస్తే బాగుండదని చెప్పలేదు. బాగా కుదిరిందా?"

ఫాస్‌డైక్ నోట్లోది మింగాలా ఉమ్మాలా అని చాలాసేపు ఆలోచించాడు. ఉమ్మితే నేరం ఒప్పుకున్నట్టు, మింగితే అందులో పాలు పంచుకున్నట్టు. చివరికి మింగాడు. చేతిరుమాలుతో మీసం తుడుచుకుని, "ఫుట్‌బాల్ వరకు నాకు ఏ దోషమూ కనబడలేదు. రెండు పాయింట్లు కొనుక్కున్న జట్టేదీ ఇలా ఆడదు," అని తీర్పిచ్చి, పళ్ళెం ఖాళీ చేసి మరీ రైలెక్కాడు.

పరువు దక్కింది గాని, అడుగు స్థానం ఎటూ పోలేదు. హెప్‌వర్త్ నల్ల కోటు వేసుకుని లండన్ వెళ్ళాడు. తక్కిన క్లబ్బుల పెద్దల ముందు నిలబడి, తండ్రి ఈ క్లబ్బు పెట్టిన రోజులనూ, యుద్ధం నుంచి తిరిగి రాని ముగ్గురు ఆటగాళ్ళనూ తలుచుకున్నాడు. మూడో పేరు దగ్గర చేతిలో కాగితం మడిచేశాడు. రాసుకున్న ఉపన్యాసం సగంలోనే వదిలేసి, "మాకు ఇది తప్ప ఇంకేం లేదండీ," అని కూర్చున్నాడు. ఓట్లు లెక్కపెట్టారు. ఒక్క క్లబ్బు కూడా కాదనలేదు.

"చూశావా పెర్సీ," అన్నాడు హెప్‌వర్త్ బయటికొచ్చాక, కళ్ళు తుడుచుకుంటూ. "మా చరిత్రకు చెయ్యెత్తి మొక్కారు!"

"చరిత్రా పాడా!" అన్నాడు డంకర్లీ. "వచ్చే ఏడు ప్రతివాడూ మీతో రెండేసి ఆటలు ఆడాలిగదయ్యా. ఓడిపోదామని ఒట్టేసుకొచ్చినవాళ్ళని కూడా గెలిపించి పంపే జట్టుని ఎవడు వదులుకుంటాడు?"

ఆ మాట హెప్‌వర్త్ ఊళ్ళో ఎవరికీ చెప్పలేదు. స్టేషన్లో బ్యాండు మేళంతో ఎదురొచ్చిన జనానికి టోపీ ఎత్తి, ఓట్ల సంఖ్య మాత్రం చదివి వినిపించాడు. ఆ సీజన్ మొత్తంమీద హాడెన్‌షా టౌన్ భారీ తేడాతో గెలిచింది అదొక్కటే.