పున్నమ్మ పాట రెండోసారి

నందిగామ ప్రజా రేడియో కేంద్రం గత వారమంతా నిర్విఘ్నంగా పనిచేసిందని తెలియజేయడానికి సంతోషిస్తున్నాం. ప్రసారాలు మాత్రం జరగలేదు. డాబా మీది టవర్‌కు వెళ్లే తీగను పందికొక్కు కొరికేసింది.

అయినా సిబ్బంది కర్తవ్యం మరవలేదు. ప్రయోక్త మహతి పొద్దున్నే అందరికీ నమస్కారం చెప్పింది. పత్తి పురుగు గురించి ప్రసంగం సాగింది. కేంద్రం అధికారి వరప్రసాదరావుగారైతే గంటకోసారి మైకు ముందు కూర్చుని, "మా ప్రసారాలు మీకు వినబడటం లేదు. దయచేసి వింటూ ఉండండి" అని స్వయంగా ప్రకటించారు.

"అది మాత్రం ఎవరికి వినపడుద్ది సార్?" అన్నాడు మెకానిక్ స్తెఫను.

"వినపడకపోతే ఫిర్యాదు వచ్చేది కదయ్యా. వచ్చిందా?"

"రాలేదండి."

"మరి? అందరూ వింటున్నట్టే."

ముందే రికార్డు చేసిపెట్టిన వత్సవాయి ఊరి పున్నమ్మ పాట వేయాల్సింది ఆ ఆదివారమే. ఆవిడ గొంతు నాట్లలో తప్ప ఎక్కడా వినిపించింది లేదు. ఒక్కసారి రేడియోలో రావాలని ఆశ. "మీ దగ్గు కోసేశాక పాటేం మిగులుద్ది అత్తయ్యా?" అంది కోడలు రాజ్యశ్రీ. పాట వేళకు పున్నమ్మ సిగ్గుతో వంటింట్లో తలుపేసుకుంది.

మర్నాడు ఊరంతా పొగడ్తలే. ఒకాయన ట్రాక్టరు ఆపుకుని విన్నాట్ట. కోడలికి కన్నీళ్లు ఆగలేదట. ఊరి పెద్ద భవానీప్రసాద్‌గారు సభ పెట్టించి, పున్నమ్మకు శాలువా కప్పి, "మూడో చరణం వింటుంటే నా మోకాళ్ల నొప్పి పోయింది" అని సెలవిచ్చారు. పాటలో ఉన్నవి రెండు చరణాలు.

ఆ సభకు మైకు కట్టడానికి వచ్చిన స్తెఫను ఉండబట్టలేక ఆవిడ చెవిలో చెప్పాడు. "ఆ పాట బయటికే వెళ్లలేదమ్మా."

పున్నమ్మ శాలువా వంక చూసుకుంది. చప్పట్లు కొడుతున్న జనం వంక చూసింది.

"వీళ్లకి చెప్పమాక బాబూ, చిన్నబోతారు. ఆ తీగేదో బాగుచేసి ఇంకోసారి వెయ్యి. నిజంగా వినాలి వీళ్లు."

స్తెఫను తీగ మార్చాడు. మరుసటి ఆదివారం బస్టాండు దగ్గర రేడియోకి మైకు తగిలించారు. పున్నమ్మ ఈసారి తలుపేసుకోలేదు, జనం మధ్యలో నిలబడింది. పాట గట్టిగా, స్పష్టంగా, దగ్గుతో సహా వచ్చింది. బస్సు డ్రైవరు ఇంజను ఆపేశాడు.

పాట అయిపోయింది. అందరూ భవానీప్రసాద్‌గారి మొహం చూశారు. ఆయన కండువాతో మెడ తుడుచుకున్నారు.

"బానే ఉంది గానీ పున్నమ్మా, పోయిన ఆదివారం పాడినంత లేదు."

ఊరంతా తలూపింది. కోడలు అందరికన్నా ముందు ఊపింది.

పోయిన ఆదివారం మీరూ విన్నారుగా. మీరే చెప్పండి.