సంతోషం సీటుకి ఇన్‌ఛార్జి

జూన్ నెల సాధారణ బదిలీల్లో గుత్తుల వీరభద్రం ఒంట్లో ఉన్న సెరటోనిన్ గ్రాహకాలన్నిటికీ బదిలీ అయింది. ఉత్తర్వు సోమవారం పొద్దున పెసరట్టు తింటుండగా అందింది. ఒకే చోట అయిదేళ్ళు దాటి పనిచేస్తున్న వాళ్ళందరినీ కదిలించాలన్నది ఆ ఏటి నిబంధన. వీరభద్రం గ్రాహకాలు యాభై నాలుగేళ్ళుగా ఉన్నచోటే పాతుకుపోయి ఉన్నాయి. కాబట్టి ఉత్తర్వులో వంక పెట్టడానికేం లేదు.

వంక పెట్టడానికి అతనికి మొహం కూడా చెల్లలేదు. ఆ ఉత్తర్వు చిత్తుప్రతి రాసింది అతనే. జిల్లా కేంద్రంలో ఓ పెద్ద ఆఫీసు, అందులో బదిలీల సెక్షన్, ఆ సెక్షన్లో, బదిలీల పని ఆగకూడదన్న వంకతో పన్నెండేళ్ళుగా కదలని సీనియర్ అసిస్టెంటు వీరభద్రం. మినహాయింపుల జాబితా ఏటికేడూ కొండవీటి చాంతాడంత అవుతోందని విసుగొచ్చి, ఈసారి జాబితా మొత్తాన్నీ ఎర్ర సిరాతో కొట్టేశాడు. భార్యాభర్తల కోటా, గుండె జబ్బులు, సంఘ నాయకులు, అన్నీ ఎగిరిపోయాయి. అట్టడుగున పంతొమ్మిదో అంశంగా "ఉద్యోగి దేహంలో పనిచేయు సిబ్బంది" అని ఉంది. దాన్ని చదవకుండానే కొట్టేశాడు. పై అధికారి భుజం తట్టాడు కూడా.

సెరటోనిన్ అంటే ఒంట్లో తిరిగే తపాలా. కాయితం ఒకటే, అందులో ముక్కా ఒకటే. దాన్ని అందుకునే ఉద్యోగులే గ్రాహకాలు, మొత్తం ఏడు రకాలు. అది ఏ సీటుకి చేరితే ఆ పని జరుగుతుంది. పేగుల్లో నాలుగో రకం అందుకుంటే తిన్నది ముందుకి కదులుతుంది. మెదడులో ఆరో రకం అందుకుంటే విన్నది గుర్తుంటుంది. తక్కినవాళ్ళంతా లోపలున్న గుమాస్తాని పిలిచి పని పురమాయిస్తారు గానీ, పొట్ట దగ్గరుండే మూడో రకం మాత్రం ఎవర్నీ అడక్కుండా తనే గేటు తీసేస్తాడు. వాంతులు అతని శాఖ. హెడ్డాఫీసు తలలో ఉందని పేరే గానీ, తపాలాలో నూటికి తొంభై వంతులు పొట్ట దగ్గరే ఉంటుంది. అయిదో రకం ఏం చేస్తాడో ఇంతవరకూ ఎవరికీ సరిగ్గా తెలీదు. అతని మీద ఫిర్యాదులు కూడా లేవు.

మంగళవారానికల్లా అందరూ కొత్త చోట్ల చేరిపోయారు. ఆరో రకం పేగులకి వెళ్ళడంతో వీరభద్రం పొట్టకి, చిన్నప్పుడు మేనత్త పెళ్ళిలో తిన్న గుత్తివంకాయ కూర గుర్తొచ్చి గుడగుడలాడింది. నాలుగో రకం జ్ఞాపకాల సెక్షన్లో చేరాడు, దాంతో ఏ ఫైలు నంబరు గుర్తు తెచ్చుకోబోయినా దొడ్డికి పరుగెత్తాల్సి వచ్చింది. ఇక చాలు అని ఆకలికి చెప్పే ఉద్యోగిని మోకాలికి వేశారు. వీరభద్రం పదకొండు ఇడ్లీలు తిని లేస్తే మోకాలికి మాత్రం తృప్తిగా త్రేన్పు వచ్చినట్టనిపించింది. అయిదో రకం అందరికంటే ముందే చేరాడు. ఎక్కడన్నది రిజిస్టర్లో లేదు.

ఇవన్నీ సర్దుకుపోయేవే. ఒక్క సీటు సంగతి మాత్రం అతనికి మింగుడు పడలేదు. బెరుకుని అణిచి, సంతోషాన్ని మొహం దాకా పంపే ఒకటో రకాన్ని ఎడమ మడమకి వేశారు. అంత దూరం వెళ్ళలేక ఆయన మెడికల్ లీవు పెట్టేశాడు. సంతోషం సీటు ఖాళీ అయింది.

గురువారం వీరభద్రం భార్య ఆదిలక్ష్మి పదో తరగతి ఫలితాలు. పదిహేనో ఏట ఆవిడ లెక్కల్లో తప్పింది. పెళ్ళయి, పిల్లలు పెద్దవాళ్ళై, యాభై దాటాక ఓపెన్ స్కూల్లో చేరింది. ఇప్పటికి మూడుసార్లు రాస్తే మూడుసార్లూ లెక్కలే పోయాయి. ఈసారి పరీక్ష రాసొచ్చి ఒక్కటే అడిగింది.

"ప్యాసైతే ఊరంతా చాటింపు వేయక్కర్లేదండి. ఆ మాట వినగానే మీ మొహం ఎలా ఉంటదో చూడాలి. అంతే."

వీరభద్రానికి ఆవిడంటే ప్రాణం. లెక్క సరిగ్గా వచ్చిన ప్రతిసారీ తలపోటని ఆవిడ పడుకుంటే, పక్కన కూర్చుని బామ్ రాసింది అతనే. తలపోటు ఆవిడకి పాత జబ్బు. పండగలకీ, గృహప్రవేశానికీ, పిల్లాడికి ఉద్యోగం వచ్చిన రోజుకీ, మంచిరోజు చూసుకుని మరీ వచ్చేది.

బుధవారం అర్జీ పట్టుకుని మూడో అంతస్తుకి వెళ్ళాడు. అక్కడ శరీర పరిపాలన విభాగం సూపరింటెండెంటు రాజ్యం గారు.

"ఒక్క రోజుకి ఆయన్ని వెనక్కి పంపించండి మేడం. శుక్రవారం మళ్ళీ మడమకి పంపేద్దురు గాని."

"పరిపాలనా కారణాల వల్ల వీలుకాదండి" అన్నారావిడ, అర్జీని ట్రేలో పడేస్తూ. ఆ ముక్క కూడా అతనిదే. పన్నెండేళ్ళలో కొన్ని వందల అర్జీల మీద రాశాడు.

"పోనీ, ఆ సీటు అలా ఖాళీగా వదిలేస్తారా?"

"ఖాళీగా ఎందుకొదులుతాం? మూడో రకానికి అదనపు బాధ్యత ఇచ్చాం. సంతోషం వస్తే ఆయన చూసుకుంటారు."

"ఆయనది వాంతుల శాఖండి."

"ఏ రోజు కాయితం ఆ రోజే తేల్చేసే మనిషి." రాజ్యం గారు రిజిస్టరు అతని వైపు తిప్పారు. "ఈ బిల్డింగులో రెండొందల నలభై మంది. సంతోషం సీటులో అసలు మనిషి ఉన్నది తొమ్మిది మందికి. మొన్నటిదాకా మీతో కలిపి పది. తక్కిన అందరికీ ఏళ్ళ తరబడి ఇన్‌ఛార్జీలే. ఒక్కరైనా ఫిర్యాదు చేశారా?"

చేయలేదు. రిటైర్మెంటు సభల్లో దండ వేయించుకుంటూ ఒకాయన ఆవలించడం, ఇంకొకాయన వీపు గోక్కోవడం వీరభద్రం చూశాడు. అదే వాళ్ళ సంతోషమని ఎప్పుడూ అనుకోలేదు.

గురువారం పదకొండు గంటలకి ఆదిలక్ష్మి ఫోన్లో హాల్ టికెట్ నంబరు కొట్టింది. కళ్ళజోడు సర్దుకుంది.

"ముప్పై ఏడు" అంది. "లెక్కల్లో ముప్పై ఏడొచ్చాయండి. ప్యాసయ్యాను." ఫోను పక్కన పెట్టి అతని మొహంలోకి చూసింది.

వీరభద్రం ఒంట్లో ఎన్నడూ లేనంత తపాలా బయల్దేరింది. మూడో రకం అందుకున్నాడు. ఎవర్నీ అడగలేదు, గేటు తీసేశాడు. నవ్వబోయిన వీరభద్రం నోరు మూసుకుని పెరట్లోకి పరుగెత్తి, పొద్దున తిన్న ఇడ్లీలన్నీ కక్కేశాడు. ఇంత సంతోషం అతను జన్మలో ఎరగడు. నోరు కడుక్కుని తిరిగొచ్చి గుమ్మంలో నిలబడితే కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

"ఏమనుకోకు ఆదీ. నువ్వడిగింది చూపించలేకపోయాను. ఆ సీటాయన సోమవారం బదిలీ అయిపోయాడు. పొట్టలోవాడు చూస్తున్నాడు."

"అదా" అంది ఆదిలక్ష్మి, కణతలు నొక్కుకుంటూ. "నాదీ అంతే కదండీ. మీ ఇంటికి కాపరానికొచ్చిన వారానికే ఆర్డరొచ్చింది. కౌన్సెలింగూ లేదు, పాడూ లేదు. తలలో రక్తనాళాల దగ్గరుండేవాడికి అదనపు బాధ్యత ఇచ్చారు. అప్పట్నించీ సంతోషమొస్తే తలపోటే."

వీరభద్రానికి పండగలు, గృహప్రవేశం, పిల్లాడి ఉద్యోగం ఒక్కొక్కటీ గుర్తుకొస్తుంటే దొడ్డికి వెళ్ళాల్సి వచ్చింది. వెళ్ళొచ్చి అడిగాడు.

"ముప్పై ఏళ్ళు బామ్ రాశాను కదే. ఒక్కమాటైనా చెప్పలేదేం?"

"మీరు రాస్తుంటే ఇంకా ఎక్కువయ్యేది. ఏమని చెప్పను?"

"ఇప్పుడెలా ఉంది?"

"పగిలిపోతోందండి" అంది ఆదిలక్ష్మి.

వీరభద్రం లోపలికెళ్ళి బామ్ సీసా తెచ్చాడు. ఆవిడ అతనికి నిమ్మకాయ కోసింది. మూడో అంతస్తులో ఉన్న అర్జీని రేపు వెనక్కి తీసుకోవాలని అతను అనుకున్నాడు. ఆ తర్వాత ఇద్దరూ ఓ బకెట్టు దగ్గర పెట్టుకుని, మార్కులు మళ్ళీ మళ్ళీ చదువుకుంటూ, ఆ మధ్యాహ్నమంతా చాలా సంతోషంగా గడిపారు.