వీధిలో మగ్గాలు ఆగిన గంట

ఆ బుధవారం పొద్దున నాగలత పెట్టుకున్న పని ఒక్కటే, ఆదెన్న చేత నాలుగు మాటలు చెప్పించడం. కర్నూలు నుంచి జమ్మలమడుగుకు మూడేళ్లుగా తిరుగుతూ, కెమెరా తనే, మైకు తనే అయి, ఆ ముసలి నేతగాడి మీద డాక్యుమెంటరీ తీస్తోంది. ఆయన చేతులు కావలసినంత దొరికాయి కానీ మాటే దొరకలేదు. ఏమడిగినా "ఆ", "ఊ". మిగతాదంతా భార్య సుబ్బక్క చెప్పేది. ఆదెన్న గొంతు లేకపోతే సినిమానే లేదు. కెమెరా అద్దెకిచ్చినవాళ్లేమో సాయంత్రానికి తెచ్చివ్వమన్నారు.

పైగా వీధి నిండా మగ్గాల చప్పుడు. నాగలత ఇంటింటికీ వెళ్లి బతిమాలింది. "ఒక్క గంట మగ్గాలు ఆపండన్నా, తాత మాట రికార్డు చేసుకుంటా." పాపం, మంచి మనుషులు, సరేనన్నారు. తొమ్మిదింటికి మగ్గాలు ఆపి, దొరికిందే సందని టీ కొట్టుకు వెళ్లిపోయారు.

ఆ వీధిలో మగ్గాలన్నీ ఒక్కసారిగా ఆగేది ఎవరైనా పోయినప్పుడే. నాగలతకు ఆ సంగతి తెలియదు, పక్క వీధికి బాగా తెలుసు. ఎనభై దాటినవాడు ఆదెన్న ఒక్కడే కనుక పోయిందెవరో తేల్చుకోవడానికి వాళ్లకు ఎంతోసేపు పట్టలేదు. ఒకరు పూలదండ తెచ్చారు, ఒకరు డప్పులవాళ్లను పిలిచారు, ఇంకొకరు ఎర్రగుంట్లలో ఉన్న ఆయన చెల్లెలు గంగక్కకు ఫోన్ కొట్టారు.

సుబ్బక్క మధ్యలో అందుకోకుండా ఆమెను అంగడికి పంపించి, లోపల తలుపేసుకుని నాగలత అడుగుతూనే ఉంది. ఆదెన్న "ఊ" దాటలేదు. గంట గడిచేసరికి వాకిట్లో ఆటో ఆగింది, గంగక్క ఏడుపు మొదలైంది.

"అన్నా, నా పెండ్లికి పదైదు దినాలు నిద్దర మాని చీర నేసిస్తివే! అట్లాటి చెయ్యి ఈ సీమలో యాడుండాదన్నా!"

నాగలత గబుక్కున లేచింది. తలుపు తీయబోతే ఆదెన్న మోచెయ్యి పట్టుకుని ఆపాడు.

"ఉండు పాపా. చెప్పనీ."

బయట ఒకరి తర్వాత ఒకరు ఆయన నేతను తలుచుకుని ఏడుస్తున్నారు. చీర బాగుంటే అంగడివాడికి పేరు, బాగాలేకపోతే ఆదెన్నకు తిట్లు, అరవై ఏళ్లుగా ఇదే వరస. తన పనిని ఒకరు మెచ్చుకోగా ఆయన వినడం ఇదే మొదలు. కళ్లు తుడుచుకోవడం కూడా మరిచి వింటున్నాడు. నాగలతకూ కన్నీళ్లు ఆగలేదు.

"ఎర్రంచు చీరన్నా..." అని గంగక్క రాగం అందుకోగానే ఆదెన్న దిగ్గున లేచి తలుపు తీశాడు.

"ఎర్రంచు కాదే, పచ్చంచు!"

దండ జారిపడింది. గంగక్క అన్నను వాటేసుకుని, వీపు మీద రెండు చరిచింది. "సచ్చిపోయినావనుకుంటి కదన్నా!"

"సచ్చేది తర్వాత. ముందు అంచు సంగతి విను."

ఆ పచ్చ నూలు కోసం ఎన్ని ఊర్లు తిరిగాడో, పెళ్లి ముందురోజు పోగులు తెగితే ఎట్లా అతికాడో, తండ్రి ఏమని తిట్టాడో ఆదెన్న అరుగు మీద కూర్చుని చెప్పుకుపోయాడు. డప్పులవాళ్లు కూడా డప్పులు దించి విన్నారు. నాగలత రెండు గంటలు కెమెరా ఆపలేదు.

నాలుగో రోజు, కర్నూలులో ఆమె ఎడిటింగుకు కూర్చోగానే సుబ్బక్క ఫోన్ వచ్చింది.

"పాపా, మాట్లాడించిపోతివి. నాలుగు దినాలాయ, ఇంగా మాట్లాడ్తానే ఉండాడు. ఆపిచ్చేకి ఎప్పుడొస్తావు?"