గడ్డిమేటు మీద సత్యానందం

ఆ ఉదయం సత్యానందానికి ఉన్న పని ఒక్కటే. గడ్డిమేటెక్కి, జంగారెడ్డిగూడెంలో ఉన్న బావమరిది నిరంజన్‌కి ఫోను చేసి, కూతురు ఇందు చదువు మాన్పిస్తున్నానని చెప్పి దిగిపోవాలి. కొత్తగా కొన్న సెల్లుకి ఊళ్ళో సిగ్నలు అందేది ఆ మేటు మీదే. వానాకాలంలో చెరువుగట్ల బురదలో హైవే దాకా నడిచి, అక్కడ బస్సెక్కి వట్లూరు కాలేజీకి పోవడం ఆడపిల్లకి కుదరదని ఆయన తీర్మానం.

"నేను మానను నాన్నా," అంది ఇందు.

ఆయన మేటుకి నిచ్చెన వేసి ఎక్కాడు. పైనుంచి ఊరంతా వినేట్టు ఫోనులో అరిచాడు. "బస్సు లేదు నిరంజన్! ఊళ్ళోకి బస్సు వస్తేగాని లాభం లేదు! అందుకని..." లైను తెగిపోయింది.

ఈలోగా పక్కింటి వీరరాఘవమ్మ ములక్కాడలు కోసుకోడానికి నిచ్చెన పట్టుకుపోయింది. అడిగి తీసుకెళ్ళే అలవాటు ఆ రెండిళ్ళ మధ్య లేదు. జారి దిగుదామంటే మేటుకి ఒక పక్క చేపల చెరువు, మిగతా పక్కల ముళ్ళకంచె.

గట్టు మీద పోతున్న అబ్బాయిరాజు అరుపులు విన్నాడు. "సత్యానందంగారు బస్సు కోసం మేటెక్కారండోయ్!" అని టీకొట్టు దాకా చెప్పుకుంటూ పోయాడు. గంటలో ఊరంతా మేటు కింద చేరింది.

"టిఫినన్నా చెయ్యకుండా ఏంటండీ ఈ పంతం?" అంది భార్య విజయకుమారి.

"పంతం కాదే, నిచ్చెన!"

"నిచ్చెన వేసినా దిగరంట!" అని అబ్బాయిరాజు అందరికీ విడమరిచాడు.

పాస్టరు జ్ఞానయ్య ఇందుని పక్కకి పిలిచాడు. "నిజమేనా అమ్మా?"

ఇందు పక్కదొడ్లో ములగచెట్టుకి ఆనించి ఉన్న నిచ్చెనని చూసింది. తండ్రిని చూసింది.

"నిజమేనండి. బస్సొస్తేగాని దిగరండి."

ఊరంతా వెళ్ళి, బస్సు వెయ్యాలని హైవే మీద అడ్డంగా కూర్చుంది. మధ్యాహ్నానికి ఏలూరు నుంచి బస్సు డిపో జీపు మేటు దగ్గరికి వచ్చింది. అందులోంచి దిగిన అధికారి తలెత్తి చేతులు జోడించాడు.

"దిగండి సార్! రేపట్నుంచి పొద్దున్న బస్సు పంపిస్తాం!"

సత్యానందాన్ని అంతవరకూ ఎవరూ సార్ అనలేదు. ఆయన తలపాగా సర్దుకున్నాడు. కింద కళ్ళార్పకుండా చూస్తున్న కూతురు కనిపించింది.

"పొద్దున్న ఒక్కటే అయితే ఎలాగండీ? పిల్ల సాయంత్రం ఇంటికి రావద్దా?"

రెండు బస్సులూ ఖాయమయ్యాయి. ఈలలు, చప్పట్లు. అప్పుడే ఫోను మోగింది. "ఇందాక ఏదో చెప్పబోయావేంటి బావా?" అన్నాడు నిరంజన్.

"ఏం లేదయ్యా. రేపట్నుంచి ఇందు బస్సులో కాలేజీకెళ్తుంది."

వీరరాఘవమ్మ నిచ్చెన తెచ్చి మేటుకి ఆనించింది. "ఈ సంగతి ముందే చెప్తే ములక్కాడలు రేపు కోసుకునేదాన్ని కదా!"

ఆ తర్వాత సత్యానందం ఫోను మాట్లాడ్డానికి మేటెక్కినప్పుడల్లా, ఈసారి ఏం కావాలో కనుక్కోడానికి డిపో నుంచి జీపు వస్తోంది.