యాభై బస్తాల గది

జగ్గయ్యపేటలో ఒక ఇంటికి సిమెంటు మంజూరైందన్న వార్త 2007 మే నెల ఇరవై రెండో తేదీ ఉదయం పదకొండు గంటల ఇరవై నిమిషాలకు వెలువడింది. ఆ సమయానికి మనోజ్ఞ అనే పదహారు రోజుల కొత్తకోడలు, టీవీ తుడవాల్సింది పోయి, దాని మీద పేరుకున్న సిమెంటు దుమ్ములో చూపుడువేలితో తన పేరూ భర్త పేరూ రాసి మధ్యలో పువ్వు గీస్తోంది. ఫోను మోగింది.

"మనూ, యాభై బస్తాలు శాంక్షనయ్యాయి. ఇంక మేడ మీద మన గది వేసేసుకోవచ్చు," అన్నాడు అవతలి నుంచి ఆమె భర్త పార్థసారథి.

మనోజ్ఞ రిసీవరు పెట్టేసి, టీవీ మీది రెండు పేర్ల చుట్టూ నాలుగు గోడలు గీసింది. ఒక గోడకి తలుపు పెట్టింది. గడియ లోపలి వైపు పెట్టింది.

చుట్టూ సిమెంటు ఫ్యాక్టరీలున్న ఊళ్లో సిమెంటు మంజూరవడమేమిటని బయటివాళ్లు ఆశ్చర్యపోవచ్చు. వాళ్లకి ఆర్థికశాస్త్రం తెలియదు. జగ్గయ్యపేటకి సిమెంటు కొరత ఏనాడూ లేదు. ఆరేసిన చీరల మీదికి, ఆవకాయ జాడీల మూతల మీదికి, కాఫీలోకి, కనురెప్పల మీదికి ఇరవై నాలుగు గంటలూ ఉచితంగా సరఫరా అవుతూనే ఉంటుంది. బస్తాలో కావాలంటేనే కష్టం. దేశం ఏడాదికి తొమ్మిది శాతం చొప్పున పెరిగిపోతోందని పేపర్లో రోజూ వస్తోంది. పెరిగే పిల్లవాడికి అన్నం ఎలాగో పెరిగే దేశానికి సిమెంటు అలాగ. ఆ పెరుగుదలంతా హైదరాబాదులో జరుగుతోంది కాబట్టి లారీలన్నీ అటే వెళ్లేవి. దుమ్ము మాత్రం స్థానికులకి రిజర్వు చేశారు.

ఇక గది సంగతి. ఆ ఇంట్లో ఉన్నది ఒక హాలు, ఒక వంటిల్లు, ఒక పడగ్గది. పడగ్గది మనోజ్ఞ మావగారు శేషాద్రి మేష్టారిదీ, అత్తగారు అమ్మణ్ణిదీ. కొత్త జంటకి హాల్లో సగం ఇచ్చి, మధ్యన మేష్టారి పాత పట్టుపంచె తెరగా కట్టారు. మేష్టారు ముప్పై నాలుగేళ్లు లెక్కలు చెప్పి రిటైరయ్యారు. మంచివారు. పగలంతా తెర అవతల పడక్కుర్చీలో ఉంటారు. ఒక ఆదివారం మధ్యాహ్నం భోజనాలయ్యాక, తెర ఇవతల మనోజ్ఞ చాలా మెల్లగా, "మన పెళ్లై ఎన్ని రోజులైందో చెప్పండి చూద్దాం," అంది. పార్థసారథి ఆలోచించాడు. తెర అవతలి నుంచి సమాధానం వచ్చింది.

"పద్నాలుగమ్మా."

అప్పటి నుంచి ఆ దంపతులు మాట్లాడుకోవాలంటే జగ్గయ్యపేట బజారుకి వెళ్లి, కూరగాయల సంచీ అడ్డం పెట్టుకుని మాట్లాడుకుంటున్నారు. ఇంట్లో బెండకాయలు కుప్పలుగా పడి ఉన్నాయి. గది అవసరం ఎంతటిదో ఈ బెండకాయలే చెబుతాయి.

పార్థసారథి శిలాలక్ష్మి సిమెంట్స్‌లో ప్యాకింగ్ సెక్షను గుమాస్తా. ఆ కంపెనీ తన ఉద్యోగులకి గృహనిర్మాణ కోటా కింద యాభై బస్తాలు ఇస్తుంది. ఉద్యోగ జీవితంలో ఒక్కసారే ఇస్తుంది. ఆరు నెలల్లోగా గోడ లేవాలి. లేవకపోతే బస్తాలు వాపసు తీసుకుని, మనిషి మీద చర్య కూడా తీసుకుంటుంది.

కోటా పత్రాల పంపిణీకి ఫ్యాక్టరీ ఆవరణలో షామియానా వేశారు. జనరల్ మేనేజరు గారు నలభై నిమిషాలు ప్రసంగించారు. "గోడ లేనిదే గది లేదు. గది లేనిదే ఇల్లు లేదు. ఇల్లు లేనిదే దేశం లేదు. కాబట్టి దేశానికి మూలం ఎవరు? మనమే," అన్నారు. సభ కరతాళధ్వనులు చేసింది. ఆ ఫ్యాక్టరీకి ప్రహరీ గోడ లేదు. చుట్టూ సర్కారు తుమ్మకంప కంచె. తయారైన బస్తా తయారైనట్టు హైదరాబాదు పోతుంటే గోడకి సిమెంటు ఎక్కడిది? కంచెలోంచి రెండు మేకలు వచ్చి వేదిక తోరణాలు తినసాగాయి. వాటికి అడ్డు చెప్పడం సభా మర్యాద కాదని అందరూ ఊరుకున్నారు.

నిబంధన ప్రకారం కోటా బస్తాలు హైదరాబాదు డిపో నుంచే ఇవ్వాలి. ఫ్యాక్టరీ మేష్టారింటికి ఆరు కిలోమీటర్లు. కనుక యాభై బస్తాలూ ప్యాకింగ్‌లో లారీ ఎక్కి, హైదరాబాదు వెళ్లి, అక్కడ ముద్ర వేయించుకుని, మళ్లీ జగ్గయ్యపేట వచ్చాయి. నాలుగు వందల కిలోమీటర్ల పైన తిరిగిన ఆ సిమెంటుకి లోకజ్ఞానం కూడా అబ్బే ఉంటుంది. ఎక్కించేటప్పుడు పార్థసారథి ఒక బస్తా మీద నీలం చాక్‌పీసుతో 'మ' అని రాశాడు. నాలుగో రోజు ఆ 'మ' బస్తా గుమ్మంలోకి వచ్చేసరికి మనోజ్ఞకి పుట్టింటివాళ్లెవరో వచ్చినంత సంబరమైంది. కాళ్లకి నీళ్లివ్వబోయి, సిమెంటని గుర్తొచ్చి ఆగింది.

బస్తాలొచ్చాయి. మేస్త్రీ ఏసురత్నం వచ్చాడు. నందిగామ నుంచి ఇసుక తెప్పించడానికి ట్రాక్టరు కూడా సిద్ధమైంది. అప్పుడు మేష్టారు పంచాంగం తీశారు.

అది అధిక జ్యేష్ఠం. శుభకార్యాలు పనికిరావు. తరువాతిది నిజ జ్యేష్ఠం. గృహారంభానికి మంచిది కాదు. ఆపైన ఆషాఢం, దాని సంగతి చెప్పక్కర్లేదు. శ్రావణం మంచిదే కానీ అందులో శుక్రమూఢం వచ్చి కూర్చుంది. భాద్రపదం శూన్యమాసం. ఆశ్వయుజం వాస్తుకి పడదు. కార్తీకం దివ్యంగా ఉంది.

"కార్తీకమా? మేష్టారూ, మూఢం మనకే గానీ సిమెంటుకి లేదండీ," అన్నాడు ఏసురత్నం. "మూడు నెలలు దాటితే అది దాని టైముకి గడ్డకట్టుద్ది. అందులో వానాకాలం."

"లెక్క చెప్పకు ఏసురత్నం. లెక్కలు నేను చెప్పినవాణ్ణి," అన్నారు మేష్టారు.

ఏసురత్నం మేష్టారి దగ్గరే ఏడో తరగతిలో లెక్కలు తప్పాడు. అందుచేత ఇంకేమీ అనలేకపోయాడు. అడుగున చెక్కలు వేసి పేర్చమని మాత్రం చెప్పి వెళ్లాడు.

ఎక్కడ పేర్చాలన్నది తరువాతి సమస్య. వరండాలో పెడితే వాన. వంటింట్లో అత్తగారి మడి. మిగిలింది హాలు. హాల్లో తెర కట్టిన చోటు తప్ప మరో ఖాళీ లేదు. మేష్టారు టేపు పెట్టి కొలిచి, వరసకి నాలుగు చొప్పున పన్నెండు వరసలు, పైన రెండు బస్తాలు అని తేల్చారు. హమాలీలు అలాగే పేర్చారు. మనిషి మెడ ఎత్తున గోడలాంటిది లేచింది. దాని పైన పట్టుపంచె యథాతథంగా వేలాడింది. 'మ' బస్తా మనోజ్ఞ తలగడ పక్కకి వచ్చింది. అది తనంతట అదే వచ్చిందని ఆమె ఈనాటికీ అంటుంది. హమాలీకి ఆమె నిమ్మకాయ మజ్జిగ రెండు గ్లాసులు ఇచ్చిన మాట నిజమే కానీ, ఎండలో వచ్చినవాడికి ఎవరైనా ఇస్తారు.

అమ్మణ్ణి గారు ప్రతి శుక్రవారం బస్తాలకి పసుపు రాసి కుంకుమ పెట్టేవారు. ఇంటికొచ్చిన లక్ష్మి కదా. పసుపు తడిగానే రాసేవారు.

ఆషాఢం రాగానే మనోజ్ఞని పుట్టింటికి నందిగామ పంపించారు. ఆ నెల అల్లుడు అత్తారింటి గడప తొక్కకూడదు, కోడలు అత్తగారి గడప దాటకూడదు. నందిగామ బస్టాండుకి గడప లేదు. పార్థసారథి డ్యూటీ దిగి, బట్టలు కూడా మార్చుకోకుండా బస్సెక్కి వచ్చేసేవాడు. జుట్టూ మీసం కనుబొమలూ సిమెంటుతో నెరిసిపోయి ఉండేవి. మనోజ్ఞ అతన్ని తేరిపార చూసి, "ముసలితనంలో ఎలా ఉంటారో ముందే చూసేశాను. బానే ఉంటారు," అంది. ఇద్దరూ మిరపకాయ బజ్జీలు తింటూ మేడ మీది గదికి కిటికీ ఏ వైపు పెట్టాలో మాట్లాడుకున్నారు. తూర్పున పెడితే ఫ్యాక్టరీ పొగ గొట్టం కనిపిస్తుంది. ఉత్తరాన పెడితే ఇంకో ఫ్యాక్టరీ పొగ గొట్టం కనిపిస్తుంది. మనోజ్ఞ తూర్పుకే ఓటేసింది. అందులో మొగుడుంటాడు.

శ్రావణంలో కోడలు తిరిగొచ్చింది. వానలూ వచ్చాయి. మూఢం పోయాక మిగిలిన నాలుగు మంచిరోజుల్లో మూడు పార్థసారథి జాతకానికి పడలేదు. నాలుగోరోజు కుండపోత. ఒక పొద్దున్న మనోజ్ఞ జడలోంచి పిన్ను తీసి 'మ' బస్తాని ఊరికే గుచ్చి చూసింది. పిన్ను వంగింది.

ఏసురత్నాన్ని పిలిపించారు. అతను తాపీ పిడితో ఒక బస్తాని కొట్టాడు. టంగుమంది. మేష్టారు తాపీ అందుకుని, లెక్క తప్పకుండా మొదటి వరస నుంచీ యాభై బస్తాలూ స్వయంగా కొట్టి చూసుకున్నారు. యాభైకి యాభై.

"ముహూర్తం కుదరక ఇంట్లోనే ముదిరిపోయాయి," అని అమ్మణ్ణి గారు కొంగుతో కళ్లొత్తుకున్నారు. మేష్టారు రెండు రోజులు పంచాంగం ముట్టుకోలేదు, అన్నమూ సరిగా తినలేదు. కోటా ఒక్కసారే. ఇక ఈ జన్మకి మేడ మీద గది లేదు. మనోజ్ఞకీ ఏడుపొచ్చింది. టీవీ దగ్గరికెళ్లి, దుమ్ములో గీసుకున్న గదిని తుడిచేసింది. మధ్యాహ్నానికి మళ్లీ దుమ్ము పడింది.

కార్తీకం వచ్చేసరికి కంపెనీ నుంచి ఉత్తరమొచ్చింది. 'మీకు సరఫరా చేసిన సిమెంటును గోడ నిర్మాణమునకు వినియోగించినదియు లేనిదియు తనిఖీ చేయుటకు అధికారి శనివారము వచ్చును. గోడ లేనిచో చర్య గైకొనబడును.' పార్థసారథి మొహం సిమెంటు లేకుండానే తెల్లబడింది. మేష్టారు, తప్పు తనదేనని తనే రాసిస్తానన్నారు. మనోజ్ఞ ఆ ఉత్తరాన్ని రెండుసార్లు చదివింది.

"మావయ్యగారూ, ఇందులో గోడ ఉండాలని ఉంది గానీ, నీళ్లు కలపాలని ఎక్కడా లేదండీ."

మేష్టారు ఉత్తరం అందుకుని చదివారు. ఎన్నో ఏళ్ల తరువాత తెలివైన విద్యార్థి దొరికినట్టు కోడలి వైపు చూశారు. ఆ సాయంత్రమే ఏసురత్నం వచ్చి బస్తాల మీద సున్నం కొట్టాడు. బస్తాల గోడకీ హాలు గోడకీ మధ్యనున్న సందులో ద్వారబంధం నిలబెట్టి తలుపు బిగించాడు. గడియ ఏ వైపు పెట్టాలని అడిగితే మనోజ్ఞ చెప్పింది.

తనిఖీ అధికారి పేరు ప్రేమదాసు. శనివారం వచ్చి, కాఫీ తాగి, జేబులోంచి మేకూ సుత్తీ తీశాడు. గోడ నాణ్యత చూడటానికి ఆయన పద్ధతి అది. సున్నం గోడ మీద మేకు పెట్టి కొట్టాడు. వంగింది. రెండోది పెట్టాడు. ఎగిరి పోయింది. మూడోదానికి సుత్తి పిడి ఊడింది. ఆయన ఊడిన పిడిని జేబులో పెట్టుకున్నాడు.

"ఈ వారంలో పదకొండు కోటా ఇళ్లు చూశానండీ," అన్నాడు చివరికి, చేతిరుమాలు తీసి కళ్లు అద్దుకుంటూ. "అన్నిట్లోనూ బొటనవేలితో నొక్కితేనే మేకు దిగిపోయింది. ఇంత సిమెంటు వేసినవాళ్లని మిమ్మల్నే చూస్తున్నాను."

ఆ గోడలో నూటికి నూరు పాళ్లూ సిమెంటే ఉందని ధ్రువపత్రం రాసిచ్చి వెళ్లాడు. అబద్ధమేమీ రాయలేదు. ఇది చదువుతున్న మీరు మీ ఇంట్లో కేలెండరు తగిలించేటప్పుడు మేకు రెండు దెబ్బలకే సాఫీగా దిగిందని సంతోషించి ఉంటారు. సంతోషించండి. దేశం అంత వేగంగా పెరుగుతున్నప్పుడు ప్రతి గోడలోనూ సిమెంటు ఉండాలంటే ఎలా?

ఆదివారం పొద్దున కంపెనీ నుంచి ఫోనొచ్చింది. జనరల్ మేనేజరు గారు సోమవారం పది గంటలకి స్వయంగా విచ్చేసి, ఆదర్శ గృహానికి రిబ్బను కత్తిరించి, నలభై నిమిషాలు ప్రసంగిస్తారు. నిబంధనలు సడలించి బహుమతిగా మరో యాభై బస్తాలు ఇస్తారు. అవి ఇప్పటికే హైదరాబాదు వెళ్లి తిరిగొస్తున్నాయి.

మధ్యాహ్నం భోజనాలయ్యాక మనోజ్ఞ గదిలోకి వెళ్లి తలుపు వేసింది. గడియ పెట్టింది. తీసింది. మళ్లీ పెట్టింది. 'మ' ఉన్న చోట సున్నం మీద చెయ్యి ఆనించి, చాలా మెల్లగా, "రేపటికి మన పెళ్లై ఎన్ని రోజులో చెప్పండి," అంది.

పార్థసారథి ఆలోచించాడు. గోడ అవతల పడక్కుర్చీ కిర్రుమంది. ఆ తరువాత నిశ్శబ్దం. ఎంతో అందమైన నిశ్శబ్దం. మనోజ్ఞ వేళ్ల మీద ఇరవై దాకా లెక్కపెట్టింది. ఏ సమాధానమూ రాలేదు. ఆనందంతో భర్త చెయ్యి పట్టుకుంది.

గోడ పైన పట్టుపంచె కొద్దిగా కదిలింది.

"గోడ గట్టిదేనమ్మా, నాకేం వినపళ్లేదు," అన్నారు మేష్టారు, ఇక ఉండబట్టలేక. "కానీ నూట తొంభై ఏడు. రేపొచ్చే యాభై బస్తాలూ దీని మీదే స్లాబు దాకా పేర్పించేద్దాం. ఏసురత్నానికి కబురు పెట్టాను. ముహూర్తం మాత్రం నింపాదిగా చూస్తాను, తొందరేం లేదు."